పేరులేని నెలలో దిల్‌సుఖ్‌నగర్

దిల్‌సుఖ్‌నగర్ వెళ్ళొచ్చి యాత్రాకథనం రాస్తున్నానంటే మా కాలేజీలో అందరూ నవ్వారు. కాశీ వెళ్ళినవాళ్ళు రాస్తారు, కేదారం ఎక్కినవాళ్ళు రాస్తారు, అక్కడేముంది రాయడానికి, కోచింగ్ సెంటర్లూ చెప్పుల దుకాణాలూ తప్ప అన్నారు. నిజమే. నేను చూడ్డానికి వెళ్ళలేదు. నాతో రోజూ మాట్లాడే ఒక మనిషి ఉన్నట్టుండి మాట మానేశాడు. ఎందుకు మానేశాడో తెలుసుకోవడానికి వెళ్ళాను.

కాకినాడలో ఓ ప్రైవేటు కాలేజీ లైబ్రరీలో పనిచేస్తాను. ఒక్కదాన్నే ఉంటాను. సాయంత్రం ఇంటికొచ్చాక వీధి తలుపు వేస్తే మళ్ళీ పొద్దున్న పాలవాడు పిలిచేదాకా నాతో మాట్లాడేవాళ్ళుండరు. అలాంటి రోజుల్లో ఒక తెలుగు బ్లాగులో యాదగిరి గారు పరిచయమయ్యారు. ఎడారిలో తిరిగే ఒక జాతి గురించి ఆయన కల్పించి రాస్తున్నారు. వాళ్ళకి బిడారులని పేరు పెట్టారు. లేని ఎడారి, లేని మనుషులు. నేనొక వ్యాఖ్య రాశాను, ఆయన జవాబిచ్చారు, నేనొక కయ్యం కల్పించి పంపాను, ఆయన దాన్ని కథలో కలిపేశారు. అలా రెండేళ్ళు ఇద్దరం కలిసి ఆ ఎడారిని రాశాం. ఎప్పుడూ కలుసుకోలేదు, ఫోన్‌లో మాట్లాడుకోనూ లేదు.

పని పంచుకున్నాం. మనుషులూ వాళ్ళ పగలూ పెళ్ళిళ్ళూ నావి. ఆకాశం, దారులు, కాలం లెక్క ఆయనవి. ఆ లెక్కంటే నాకు ప్రాణం. బిడారులు పగలు ఎండకి పడుకుని రాత్రిపూట నడుస్తారు కాబట్టి వాళ్ళకి రోజులు లేవు, రాత్రులే. ఒక బావి దగ్గర్నుంచి ఇంకో బావి దాకా నడిచినంత కాలం ఒక నెల. ఒంటెలు ఈనే నెల, గాలి మళ్ళే నెల, నీడలు కురచయ్యే నెల, ఇలా ఒక్కో బావికి ఒక్కో నెల. అన్ని బావులూ తిరిగి మొదటి బావికొస్తే ఒక చుట్టు. నీ వయసెంత అంటే పదహారు చుట్లు అంటారు. చిక్కెప్పుడంటే బావి ఎండిపోయినప్పుడు. నీళ్ళు లేని బావితో నెల పూర్తికాదు. ఇంకో బావి దొరికేదాకా నడిచే ఆ కాలాన్ని పేరులేని నెల అంటారు. అందులో పెళ్ళిళ్ళు చెయ్యరు, పిల్లలకి పేర్లు పెట్టరు, ఎవరి వయసూ పెరగదు.

మన అధికమాసం లాంటిదే కదా అని ఆషాఢంలో నేనో ప్రశ్న రాసి పంపాను. పేరులేని నెలలో ఎవరైనా పోతే వాళ్ళకి తద్దినం ఎప్పుడు పెడతారు అని. జవాబు రాలేదు. మళ్ళీ రాశాను. రాలేదు. శ్రావణం పోయింది, భాద్రపదం పోయింది. అప్పటికి అక్కడ తెలంగాణ కోసం సమ్మె మొదలైంది. మా వైపు రాష్ట్రం కలిసుండాలని వేరే టెంట్లు, వేరే నినాదాలు. నేను అటుదాన్నని కోపమొచ్చిందేమో అనుకున్నాను. అడుగుదామనుకున్నాను. ఆయన గురించి నాకు తెలిసిందల్లా పేరు, పోచంపల్లి మగ్గాల కుటుంబమని, దిల్‌సుఖ్‌నగర్‌లో చంద్రకళ అనే చీరల దుకాణం ఉందని. కాజాల డబ్బా ఒకటి కట్టించుకుని బస్సెక్కాను.

ఎల్బీ నగర్

బస్సు ఊళ్ళోకి పోదన్నారు. హయత్‌నగర్ ముందే దింపేశారు. అక్కణ్ణుంచి ఎనిమిది మంది ఎక్కిన ఆటోలో ఓ మూల వేలాడుతూ ఎల్బీ నగర్ చేరాను. మామూలుగా పది రూపాయలట, యాభై తీసుకున్నాడు. బస్సులు లేవు కదమ్మా అన్నాడు, క్షమించమన్నట్టే.

చౌరస్తాలో రోడ్డు మధ్యన పొయ్యిలు వెలుగుతున్నాయి. ఇటుకల మీద పెద్ద పెద్ద గిన్నెలు, పొగ, గులాబీ కండువాలు, మైకులో పాటలు. వంటావార్పు అని పేపర్లో చదివాను గానీ కళ్ళారా చూడ్డం అదే మొదలు. మా వైపు ఆరుబయట వంటలంటే కార్తీకమాసంలో తోటల్లో చేసుకునేవే. ఇక్కడ లారీలు నడిచే రోడ్డు మీద ఆడవాళ్ళు కూర్చుని వంకాయలు తరుగుతున్నారు. సంచి పట్టుకుని ఓ పక్కగా పోతుంటే ఒకావిడ రెక్క పట్టుకుని కూర్చోబెట్టి విస్తరి వేసింది. బగారన్నం, వంకాయ కూర, పప్పుచారు. పప్పుచారు పులుపు మాకంటే ఎక్కువ, బెల్లం జాడే లేదు. పొద్దుట్నుంచి ఏమీ తినలేదేమో, కళ్ళల్లో నీళ్ళు తిరిగేంత రుచిగా ఉంది.

కొంచెం చారు పొయ్యండి అన్నాను. ఆ ఒక్క మాటతో నా ఊరు బయటపడింది. ఎక్కడమ్మా మీది అని అడిగింది విస్తరి వేసినావిడ. కాకినాడన్నాను. చారు వడ్డిస్తున్న ఇంకొకావిడ గరిటె ఎత్తి, నన్ను దాటి పక్క విస్తరికి వెళ్ళిపోయింది. మొదటావిడ కాసేపు నన్నే చూసి, లేచి వెళ్ళి గిన్నె తనే తెచ్చింది.

"కాకినాడనా? గాడ కాజాలు మంచిగుంటయంట గద," అంది చారు పోస్తూ.

బాగుంటాయన్నాను. డబ్బా విప్పుదామా అనుకుని ఆగాను, అది యాదగిరి గారిది. ఆ సంగతి ఇప్పటికీ కాస్త సిగ్గుగానే ఉంది. తిన్నాక విస్తరి ఎత్తబోతే ఎత్తనివ్వలేదు. నన్ను దాటి వెళ్ళినావిడ దూరం నుంచి చూస్తూనే ఉంది. ఆవిడ కోపం నా మీద కాదనీ తెలుసు, నా మీద కూడాననీ తెలుసు. ఆవిడకి దణ్ణం పెట్టాను. ఆవిడ తల తిప్పుకుంది.

చైతన్యపురి

దిల్‌సుఖ్‌నగర్ చుట్టుపక్కల హాస్టళ్ళున్నన్ని ఇళ్ళుండవేమో. గ్రూప్స్‌కి చదివేవాళ్ళు, బ్యాంకు పరీక్షలవాళ్ళు, కంప్యూటర్ కోర్సులవాళ్ళు. ప్రతి గోడ మీదా, ప్రతి కరెంటు స్తంభం మీదా పరీక్షలే. సమ్మెకి కోచింగులు మూతపడి పిల్లలంతా ఊళ్ళకి పోయారు. నేను దిగిన ఆడపిల్లల హాస్టల్లో నాలుగు మంచాల గది నాకొక్కదానికే ఇచ్చారు. మిగతా మూడు మంచాల మీదా పరుపులు చుట్టి ఉన్నాయి. గోడకి ఎవరో అతికించుకున్న భారతదేశం పటం. బాత్రూములో ఎవరిదో సగం అరిగిన సబ్బు. ఇంట్లో ఒంటరితనం అలవాటే గానీ నాలుగు మంచాల గదిలో ఒంటరితనం వేరుగా ఉంటుందని అక్కడ తెలిసింది.

హాస్టల్ నడిపేది అనసూయమ్మ అని నల్లగొండ వైపు ఆవిడ. ఏం పని మీద వచ్చారంటే చీరలు కొనడానికన్నాను. సమ్మెలో చీరలేంటని ఆవిడ అడగలేదు. ఆవిడకీ తోచడం లేదు. నా మంచం చివర కూర్చుని చాలాసేపు మాట్లాడింది. వింటుంటే ఒకటి గమనించాను. ఆవిడ మాటల్లో తారీఖు లేదు, వారం లేదు. రైల్‌రోకో తెల్లారి పిల్లలు పోయారు, రెండో బంద్ నాడు గ్యాస్ అయిపోయింది, లాయర్లను కొట్టిన నాడు తన చెల్లెలికి కొడుకు పుట్టాడు. అన్నీ ఇలాగే. మా వైపు ముసలివాళ్ళు తుఫానులతో చెప్తారు, ఫలానా ఉప్పెనకి ముందు మీ అత్త పెళ్ళయింది అని. ఇక్కడ బంద్‌లతో చెప్తున్నారు.

ఇంకొకటీ విన్నాను. కుళాయికి మోటారు పెట్టించడం, పెద్ద కూతురికి సంబంధం చూడ్డం, మోకాలి ఆపరేషన్, ఏదడిగినా ఆవిడ జవాబొకటే, "తెలంగాణ అచ్చినంక సూడాలె." అన్నీ ఆ తర్వాతే. ఈ రోజులు మాత్రం లెక్కలోకి రావు. బిడారుల పేరులేని నెలలోకి నడిచొచ్చినట్టనిపించింది. ఈ మాట వెంటనే యాదగిరి గారికి చెప్పాలనిపించింది. చెప్పడానికి ఆయన లేరనీ గుర్తొచ్చింది.

దిల్‌సుఖ్‌నగర్

మర్నాడు బంద్ లేదు గానీ దుకాణాలు సగమే తెరిచారు. షట్టరు నడుం దాకా దింపి, జెండాల ఊరేగింపు వస్తే లాగేయడానికి సిద్ధంగా కూర్చున్నారు. బస్సులు లేని ఆ రోడ్డు ఎంత వెడల్పో అక్కడివాళ్ళకీ అప్పుడే తెలిసిందట. బండ్ల మీద బత్తాయిలు మాత్రం బాగా అమ్ముతున్నారు. కొత్తపేట పండ్ల మార్కెట్టు దగ్గరే కదా. గ్లాసు రసం పదిహేను రూపాయలు, ఉప్పూ మిరియాలూ వేసి ఇస్తారు. బత్తాయి రసంలో మిరియాలు మాకు కొత్త.

చంద్రకళ ఎక్కడని ఒక పూలబండి ఆయన్నడిగాను. గుడి దాటి ఎడమ పక్కన్నాడు. ఎండలో అంత దూరం నడిచి వెళ్తే అది మిఠాయి కొట్టు. చంద్రకళలు కావాలా సూర్యకళలు కావాలా అన్నాడు లోపలి మనిషి. చీరలన్నాను. వాడు నవ్వాపుకోలేక గల్లాపెట్టె మీద తల వాల్చేశాడు. ఊరికే వచ్చేయడానికి మొహమాటపడి పావుకిలో కొన్నాను. కాజాల డబ్బా ఒక చేత్తో, చంద్రకళల పొట్లం ఇంకో చేత్తో పట్టుకుని వెనక్కి నడిచాను. దారిలో చెప్పు తెగింది. చెప్పుల దుకాణాలకి పేరుపడ్డ చోట, తెరిచి ఉన్న దుకాణం ఒక్కటీ దొరకలేదు. పిన్నీసు పెట్టుకుని ఈడ్చుకుంటూ సందులన్నీ తిరిగాను.

చివరికి ఒక సందులో బోర్డు కనిపించింది. చంద్రకళ హ్యాండ్లూమ్స్, పోచంపల్లి చీరలు. షట్టరుకి తాళం. తాళం మీద ఎర్రటి దుమ్ము పేరుకుంది. నిన్నా మొన్నా వేసిన తాళం కాదు. అంత దూరం వచ్చి, ఆ తాళం ముందు పిన్నీసు చెప్పుతో నిలబడితే, నేనేం చేస్తున్నాను ఇక్కడ అనిపించింది.

పక్కన జాకెట్ బట్టల మ్యాచింగ్ సెంటర్. దాని యజమాని వెంకటరత్నం గారు గుంటూరు మనిషి, పాతికేళ్ళుగా ఇక్కడే ఉన్నారు. స్టూలు వేసి కూర్చోమన్నారు. నా యాస వినేసరికి ఆయన మొహం వెలిగింది, అంతలోనే వీధి వైపు చూసి గొంతు తగ్గించారు. ఈ మధ్య నాకూ ఇదలవాటైందండీ అన్నారు. ఇక్కడెవరూ ఏమీ అన్లేదు, అయినా అలవాటైంది.

యాదగిరి గారి కోసమన్నాను. ఆయన కాసేపు చేతిలో గుడ్డ మడతపెట్టుకుంటూ కూర్చున్నారు.

"ఆయన షాపు తియ్యట్లేదండీ. వాళ్ళావిడ పోయినకాడ్నుంచీ తియ్యలేదు. ఆమె పేరేగా ఇది, చంద్రకళ."

నేను ఇన్నాళ్ళూ అది నెలవంక అనుకున్నాను. కాలం లెక్కల మనిషి కదా, చందమామ పేరు పెట్టుకున్నాడని ముచ్చటపడ్డాను. ఆవిడ ఎప్పుడు పోయారని అడిగాను. ఆషాఢంలోనన్నారు, బంద్ నాడు. ఏ బంద్ అన్నది ఆయనకి గుర్తు రాలేదు. గుర్తు చేసుకోవడానికి చాలా ప్రయత్నించారు, పక్కనున్న టీ కొట్టాయన్ని కూడా అడిగారు. ఇద్దరూ వేర్వేరు బంద్‌లు చెప్పారు.

ఆషాఢంలో నేను పంపిన ప్రశ్న ఏమిటో మీకు చెప్పాను కదా. మంచినీళ్ళడిగి తాగాను. యాదగిరి గారు ఇప్పుడు తుర్కయంజాల్‌లో కూతురి దగ్గరుంటున్నారని వెంకటరత్నం గారు చెప్పి, ఆ అమ్మాయికి ఫోన్ కలిపి నా చేతికిచ్చారు. కాకినాడ నుంచి సుభద్రని అన్నాను. అవతలి నుంచి, "బిడారోళ్ళ సుభద్రాంటీయా?" అని వినిపించింది.

తుర్కయంజాల్

ఆ అమ్మాయి పేరు లావణ్య. సర్కారు బడిలో టీచరు, తనూ సమ్మెలో ఉంది. పొద్దున్నే స్కూటీ మీద హాస్టల్‌కి వచ్చి నన్నెక్కించుకుంది. సాగర్ రోడ్డు మీద ఊరు పలచబడుతూ పోతుంది. ఇళ్ళు తగ్గి ప్లాట్ల రాళ్ళు ఎక్కువవుతాయి. తంగేడు పూసింది, ఆడవాళ్ళు రోడ్డు పక్కన సంచుల్లోకి కోస్తున్నారు. బతుకమ్మ రోజులు కదా. నాదర్‌గుల్‌లో విమానం నడపడం నేర్పే చోటు ఉందట, చిన్న విమానమొకటి తలమీద అదే పనిగా గుండ్రంగా తిరుగుతోంది.

బండి మీద వెళ్తూ లావణ్య చెప్పిన మాటలు గాలికి సగమే వినిపించాయి. వినిపించిన సగమే చాలింది. రోజూ సాయంత్రం దుకాణం కట్టేసి వచ్చాక నాన్న కంప్యూటర్ ముందు కూర్చుని నా ఉత్తరం పైకి చదివేవాడట. అమ్మ కిటికీ కింద పీట వేసుకుని కూరగాయలు తరుగుతూ వినేదట. విని ఊరుకునేది కాదు. నాకు వచ్చే జవాబుల్లో ఒక్కోసారి ఉన్నట్టుండి గొంతు మారేది. ఆకాశం సంగతి చెప్తూ చెప్తూ, ఆ పిల్లని ముసలివాడికి ఇచ్చి చెయ్యొద్దు, ఒప్పుకోను అని ఉండేది. ఒంటెపాలు తాగి ఎన్నాళ్ళు బతుకుతారు, వాళ్ళకి కారం లేదా అని ఉండేది. ఆ మాటలు చంద్రకళ గారివి.

"అమ్మకు మీరు మంచిగ ఎరుక ఆంటీ. మీతోని రోజూ కొట్లాడేది," అంది లావణ్య.

నేను రెండేళ్ళు ఇద్దరితో మాట్లాడాను. ఒకరు పోతే నాకు తెలియలేదు. ఆవిడ మొహం ఎలా ఉంటుందో కూడా తెలియదు, అయినా ఆ స్కూటీ వెనక కూర్చుని ఏడ్చాను. హెల్మెట్ లావణ్యకే ఉంది కాబట్టి ఆమెకి వినిపించి ఉండదు.

సిమెంటు పూత పూర్తికాని ఇల్లు. గుమ్మం పక్కన ప్లాస్టిక్ కుర్చీలో యాదగిరి గారు కూర్చుని ఉన్నారు. సన్నగా, పొడుగ్గా, నెరిసిన గడ్డంతో. లేచి నిలబడ్డారు. ఇద్దరికీ ఏం చెయ్యాలో తెలియలేదు. రెండు చేతులూ నిండా మిఠాయిలుండి దణ్ణం కూడా పెట్టలేకపోయాను.

మీరు ఇంకా పొడుగుంటారనుకున్నానన్నారాయన. ఆయన గొంతు నేను ఊహించినదానికంటే మెత్తన. చెట్టు కింద కూర్చున్నాం. లావణ్య టీ ఇచ్చి లోపలికి వెళ్ళిపోయింది. ఆయనే నెమ్మదిగా చెప్పుకొచ్చారు.

ఆ సాయంత్రం ఆవిడకి ఛాతీలో నొప్పొచ్చింది. బంద్. పక్కింటాయన కారు తీశాడు. కొత్తపేట దగ్గర రోడ్డు నిండా జనం, టైర్లు కాలుతున్నాయి. కారులో ఎవరున్నారో చూసి, వాళ్ళే పరిగెత్తి టైర్లు లాగేశారట. ఒక పిల్లాడైతే ముందు పరిగెత్తుతూ జనాన్ని పక్కకి నెడుతూ దవాఖాన దాకా వచ్చాడట. డాక్టరు ఉన్నాడు. మందులున్నాయి.

"అందరు తొవ్వ ఇచ్చిన్రమ్మా. ఎవ్వరు ఆపలే. అయినా పోయింది. ఎవరన్న ఆపి ఉంటె ఆళ్ళ మీద కోపం తెచ్చుకుంటుంటి. గా కోపం గూడ లేకపాయె నాకు."

ఆయన కూడా టెంట్‌లో కూర్చున్నవారే. ఆవిడ రోడ్డు మీద బతుకమ్మ ఆడినావిడే. తెలంగాణ కోరిక మీద ఆయనకి కోపం లేదు. పదకొండో రోజు అయ్యాక, ఇంటినిండా ఉన్న చుట్టాలు పడుకున్న వేళ కంప్యూటర్ తెరిచారట. నా ప్రశ్న కనిపించింది. పేరులేని నెలలో పోయినవాళ్ళకి తద్దినమెప్పుడని. ముందు భయపడ్డారట, ఈమెకెవరు చెప్పారని. తర్వాత ఎవరూ చెప్పలేదని అర్థమైంది. జవాబు రాయడానికి కూర్చున్నారు. కూతురింటికొచ్చాక కూడా రోజూ కాగితం ముందేసుకుని కూర్చునేవారు.

నాకేమీ తెలియదండీ, నిజంగా కథ కోసమే అడిగానన్నాను. ఎరుకేనమ్మా, మీ తప్పేం లేదన్నారు. తిథి ఉంది, అయ్యగారు పంచాంగం చూసి కాగితం మీద రాసిచ్చాడన్నారు. అది కాదు ఆయన బాధ.

"ఎవరినడిగినా బంద్ నాడు పోయిందంటరు. ఏ బంద్ అంటె ఎవ్వరికి యాదికి లేదు. గన్ని బంద్‌లాయె. నలభై ఏండ్లు నా తోని ఉన్నది మనిషి. ఒక దినం లేకపాయె ఆమెకు."

చిన్న విమానం మళ్ళీ తిరిగొచ్చింది. అది దాటిపోయేదాకా ఇద్దరం పైకి చూస్తూ కూర్చున్నాం.

సరూర్‌నగర్

మధ్యాహ్నం భోజనాలయ్యాక నేను బయల్దేరతానంటే యాదగిరి గారు ఒప్పుకోలేదు. ఇంత దూరం వచ్చి సరూర్‌నగర్‌లో మా ఇల్లు చూడకుండా పోతారా అన్నారు. లావణ్య తలెత్తి తండ్రి వైపు చూసింది. ఆవిడ పోయి, కర్మకాండ అయ్యాక ఆయన ఆ ఇంటి గడప తొక్కలేదట. పొద్దున బండి మీద వస్తూ లావణ్య చెప్పింది. పక్కింటివాళ్ళ ఆటోలో ముగ్గురం సరూర్‌నగర్ వెళ్ళాం.

చెరువుకి దగ్గర్లో పాత ఇల్లు. తాళం తీసి ఆయన గుమ్మంలోనే ఆగారు. లావణ్య ముందు వెళ్ళి కిటికీలు తెరిచింది. ముందుగదిలో కంప్యూటర్ మీద చీరముక్క కప్పి ఉంది. కిటికీ కింద పీట. గోడకి ఆవిడ ఫోటో. గుండ్రటి మొహం, పెద్ద బొట్టు, నవ్వబోయి ఆపుకున్నట్టు మూసిన పెదాలు. నన్ను చూసి ఏదో అనబోతున్నట్టే ఉంది.

మా వైపు మనిషి పోయిన ఇంట్లో అతిథికి మంచినీళ్ళిచ్చి ఊరుకుంటారు. ఆయన టీ పెడతానని, దారిలో కొన్న పాలు పట్టుకుని వంటింట్లోకి వెళ్ళారు. లావణ్యని రానివ్వలేదు. డబ్బాల మూతలు తీస్తున్న చప్పుడు వినిపించింది. ఒకటి, ఇంకొకటి, ఇంకొకటి. చాలాసేపు అదే చప్పుడు. తర్వాత ఆగిపోయింది. నేను వెళ్ళి చూస్తే, మూతలు తీసిన డబ్బాల మధ్యన నిలబడి ఉన్నారు. పప్పులున్నాయి, చింతపండుంది, ఎండుమిరపకాయలున్నాయి.

"చక్కెర ఏడ పెట్టిందో నాకెరుక లేదమ్మా," అన్నారు.

అని అక్కడే గోడకానుకుని కింద కూర్చున్నారు. మొహం మోకాళ్ళలో పెట్టుకున్నారు. ఆయన భుజాలు కదులుతుంటే చూడలేక నేనూ ఆ గచ్చు మీదే కూర్చున్నాను. లావణ్య గుమ్మం దగ్గరికి వచ్చి మమ్మల్ని చూసి, తండ్రి పక్కన చేరింది. చాలాసేపటికి ఆయనే లేచి టీ పెట్టారు. చక్కెర లేకుండానే తాగాం. చేదుగా ఉంది. ముగ్గురం ఖాళీ చేశాం.

సాయంత్రం చెరువు గట్టుకి నడిచాం. బతుకమ్మలు పట్టుకుని ఆడవాళ్ళు గుంపులు గుంపులుగా వస్తున్నారు. తంగేడు, గునుగు, బంతి, తాంబాళాల్లో గోపురాల్లా పేర్చినవి. చప్పట్ల పాట గట్టంతా నిండిపోయింది. లావణ్యని ఎవరో పిలిచారు. ఈ ఏడు మా ఇంట్లో పండుగ లేదని చెప్పింది. మనిషి పోయిన ఏడాది మాకూ పండగలుండవు. అందుకని ముగ్గురం గుంపుకి దూరంగా, రెయిలింగ్ పక్కన నిలబడి చూశాం.

పొద్దుట్నుంచీ నా మనసులో ఒక ఆలోచన మెదులుతోంది. చెప్పాలా వద్దా అని తడబడి, అక్కడ చెప్పేశాను. పేరులేని నెలలో ఎవరైనా పోతే, ఆ నెలకి వాళ్ళ పేరే పెడదాం. బిడారుల లెక్కలో ఆ నెల ఇక పేరులేనిది కాదు, చంద్రకళ నెల అవుతుంది. ఎన్ని చుట్లు తిరిగినా ఎవరూ మర్చిపోరు. మంచి ఆలోచననుకున్నాను. ఆయనకి ఊరటగా ఉంటుందనుకున్నాను.

ఆయన నీళ్ళ వైపు చూస్తూనే తల అడ్డంగా తిప్పారు.

"వద్దమ్మా. ఆమెకు ఎండ పడదు. ఎండకాలం అస్తె జర సేపు బయటికి పోతెనే పరేషానయ్యేది. గా ఎడారిల పెట్టకున్రి ఆమెను."

లావణ్య నవ్వింది, నవ్వుతూనే కళ్ళు తుడుచుకుంది. నేను సరేనన్నాను. ఆవిణ్ణి ఇక్కడే, ఈ చెరువు పక్కనే ఉండనిమ్మని అర్థమైంది. మళ్ళీ రాస్తారా అని అడిగాను. రాయలేనన్నారు. ఆకాశం కూడా మీరే చూసుకోండన్నారు. ఎవరికి చదివి వినిపించాలమ్మా ఇప్పుడు అన్నారు. చీకటి పడేవేళకి బతుకమ్మలన్నీ నీళ్ళలోకి వదిలారు. పూలు విడిపోతూ దూరంగా పోవడం ముగ్గురం చూశాం.

ఇంటికి

తిరుగు ప్రయాణం చెప్పుకోదగ్గది కాదు. పక్క సీటు దారంతా ఖాళీగానే ఉంది. కాకినాడలో దిగేసరికి వర్షం.

ఇల్లు తెరిచి, బట్టలైనా మార్చుకోకుండా ఒక అధ్యాయం రాశాను. పేరులేని నెలలో ఓ ముసలాయన భార్య పోతుంది. ఆవిడకి నేను పేరు పెట్టలేదు. ఎండిన బావి పక్కన ఆయన కూర్చుండిపోతాడు, లెమ్మంటే లేవడు. బిడారు ఎవరి కోసమూ ఆగకూడదు, ఆగితే అందరూ దాహంతో పోతారు. అయినా ఆపాను. ఒంటెల మీది బరువులు దింపించాను. పిల్లల్ని పడుకోబెట్టాను. ఒకరొకరుగా వచ్చి ఆయన పక్కన కూర్చున్నారు. ఆయన లేచేదాకా ఆ నెల అయిపోదని వాళ్ళలో పెద్దావిడ చేత చెప్పించాను.

ఆ అధ్యాయం యాదగిరి గారికి పంపాను. సమ్మె ముగిసింది, బస్సులు తిరుగుతున్నాయని లావణ్య ఫోన్ చేసి చెప్పింది. నాన్న దుకాణం ఇంకా తెరవలేదంది. నేను పంపింది చదివాడో లేదో తనకి తెలియదంది.

ముందున్న బావిలో నీళ్ళున్నాయి. ఎంత దూరమో, ఏ నక్షత్రాన్ని పట్టుకుని నడవాలో కూడా నాకు తెలుసు. ఆయన లేచేదాకా ఆ మాట రాయను.